సీసా మందుతో సగం బాగైన ఇంజను

ఔట్‌బోర్డ్ మోటార్ (బోటు వెనక తగిలించే ఇంజను) స్లోలో నిలబడట్లేదని ఎవరైనా నోరు తెరిస్తే చాలు, చుట్టూ ఉన్న నలుగురిలో ఒకరైనా "ఏం కాదండీ, పెట్రోల్లో ఫలానా క్లీనర్ మందు సీసా పొయ్యండి, దానంతటదే సర్దుకుంటుంది" అంటారు. ఇంకొకరు వెంటనే "అదంతా డబ్బు దండగ, కార్బరేటర్ విప్పాల్సిందే" అని కొట్టిపారేస్తారు. రెండు పక్షాల వాళ్లూ నాకు తెలుసు. ఇద్దరి ఇంజన్లూ నడుస్తూనే ఉన్నాయి కాబట్టి వాదన ఎప్పటికీ తెగదు.

నా అభ్యంతరం ఈ రెండింటికీ కాస్త పక్కన ఉంది. సీసా మందు అస్సలు పనిచేయకపోతే పెద్ద ప్రమాదమేమీ లేదు. ఇంజను మొరాయిస్తుంది, మనం ఒడ్డునే ఉంటాం, విసుక్కుంటూ స్పానర్లు తీస్తాం. పూర్తిగా పనిచేస్తే ఇంకా మంచిది. సగం పనిచేసినప్పుడే వస్తుంది చిక్కంతా. ఇంజను స్టార్ట్ అవుతుంది, కాసేపు బుద్ధిగా నడుస్తుంది, హమ్మయ్య అనుకుని తాడు విప్పి బయల్దేరతాం. మిగిలిన సగం సంగతి నీళ్ల మధ్యలో బయటపడుతుంది. అందుకే సీసాకి నేను ఒక్క అవకాశమే ఇస్తాను, అదీ బోటు కట్టేసి ఉన్నప్పుడు. రెండో సీసా కొనను.

లోపల జరిగేదేమిటో తెలిస్తే ఈ మొండితనం ఎందుకో అర్థమవుతుంది. పెట్రోలుని గాలితో కలిపి ఇంజనుకి అందించేది కార్బరేటర్. దాని అడుగున బౌల్ అనే చిన్న గిన్నె ఉంటుంది. అందులో పెట్రోలు ఎప్పుడూ ఒకే మట్టంలో ఉండేలా ఫ్లోట్ అనే తేలే ముక్క, దానికి ఆనుకున్న నీడిల్ వాల్వ్ చూసుకుంటాయి. అక్కడినుంచి పెట్రోలు రెండు దారుల్లో ఇంజనులోకి వెళ్తుంది. థ్రాటిల్ బాగా తెరిచినప్పుడు మెయిన్ జెట్ దారి (జెట్ అంటే సన్న రంధ్రమున్న ఇత్తడి ముక్క). గాలిని అదుపుచేసే థ్రాటిల్ పలక దాదాపు మూసి ఉన్నప్పుడు, అంటే స్లోలో, స్లో జెట్ దారి. ఈ రెండోది మహా సన్నం. చిన్న ఇంజన్లలో చాలావాటికి స్లో జెట్ రంధ్రం అర మిల్లీమీటరు కూడా ఉండదు. అది దాటిన పెట్రోలు, థ్రాటిల్ పలక అంచు దగ్గర గోడలో ఉన్న చిన్న చిన్న చిల్లుల్లోంచి బయటికొస్తుంది. పలక కొంచెం కొంచెం తెరుచుకునే కొద్దీ ఈ చిల్లులు ఒకదాని తర్వాత ఒకటి పనిలోకి దిగుతాయి.

బోటు వారాల తరబడి కదలకపోతే బౌల్‌లో మిగిలిన పెట్రోల్లోంచి తేలిక భాగాలు ముందు ఆవిరైపోతాయి. మిగిలినదాంట్లో ఉన్న ఓలిఫిన్లు అనే హైడ్రోకార్బన్లు గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి, ఒకదానికొకటి అతుక్కుని బంకగా మారతాయి. మొదట పల్చటి పసుపు జిగురు, తర్వాత గోధుమరంగు పొర, చివరికి గోరుతో గీకినా రాని వార్నిష్. చెడిన పెట్రోలు వాసన ఒకసారి చూస్తే ఇక మర్చిపోరు. మామూలు ఘాటు పోయి, పాత రంగుడబ్బా మూత తీసినట్టు పుల్లగా ఉంటుంది. ఆ పొర మెయిన్ జెట్ గోడకి పట్టినా ఇంజనుకి పెద్దగా తెలియకపోవచ్చు. అంతే మందం పొర స్లో జెట్‌లో పట్టిందంటే దారి మూతపడ్డట్టే.

ఇథనాల్ కలిసిన పెట్రోలైతే దీనికి నీళ్ల బెడద తోడవుతుంది. ఇథనాల్ గాలిలోని తేమను లాక్కుంటుంది. 10 శాతం ఇథనాల్ ఉన్న పెట్రోలు 15 డిగ్రీల సెల్సియస్ దగ్గర సుమారు అర శాతం నీటిని తనలో కలుపుకుని ఉంచుకోగలదు. అది దాటినా, చలికి ఆ హద్దు తగ్గినా, నీళ్లూ ఇథనాలూ కలిసి విడిపోయి అడుక్కి దిగుతాయి. ట్యాంకులోంచి పెట్రోలు లాగే గొట్టం మూతి ఉండేదీ ఆ అడుగునే. టూ స్ట్రోక్ ఇంజనుకి ఇది మరీ ఘోరం, ఎందుకంటే మనం పెట్రోల్లో కలిపిన ఆయిల్ చాలామటుకు పైనున్న పెట్రోల్లోనే ఉండిపోతుంది, ఇంజనులోకి ముందు వెళ్లేది ఆయిల్ లేని ఆ అడుగు పొర. అల్యూమినియం బౌల్‌లో ఆ నీళ్లు నిలిస్తే తెల్లటి పొడి పేరుకుంటుంది, ఇత్తడి జెట్లకి పచ్చటి చిలుము పడుతుంది. సీసా వాదన చివరికి ఈ తెల్ల పొడి దగ్గరే తేలిపోతుంది, ఆ సంగతి కాస్త ఆగి చెబుతాను.

అసలు జబ్బు కార్బరేటర్‌దేనా అన్నది ముందు చూసుకోవాలి. ఇంజను ఆగిపోబోతున్నప్పుడు పెట్రోలు గొట్టంలోని ప్రైమర్ బల్బుని (చేత్తో పిసికి పెట్రోలు ముందుకు తోసే రబ్బరు బుడ్డిని) పిసికి చూడండి. పిసికినంతసేపూ నడిచి, వదిలేస్తే మళ్లీ పడిపోతోందంటే లోపం కార్బరేటర్‌కి ముందే ఉంది. పెట్రోలు పంపులోని పల్చటి పొర, అంటే డయాఫ్రమ్, చిరిగి ఉండొచ్చు, గొట్టం జాయింట్లో గాలి పీలుస్తుండొచ్చు, ట్యాంకు మూత మీది గాలి స్క్రూ తెరవకుండానే బయల్దేరి ఉండొచ్చు. (నవ్వకండి, ఈ చివరిది జరుగుతూనే ఉంటుంది.) బల్బు పిసికినా తేడా లేకుండా, గాలిని తగ్గించే చోక్ సగం లాగితే మాత్రం ఇంజను కుదురుకుందంటే, గాలికి తగ్గ పెట్రోలు అందట్లేదని అర్థం. స్లోలో చచ్చిపోతూ ఫుల్ థ్రాటిల్‌లో బాగానే పరిగెడితే అనుమానం స్లో జెట్ మీద. స్లోలో బాగానే ఉండి థ్రాటిల్ ఇవ్వగానే ఉక్కిరిబిక్కిరైతే మెయిన్ జెట్ మీద. ఈ తేడా తెలియకుండా పోసిన సీసా చీకట్లో రాయే.

ఇక సీసాల సంగతి. అన్నీ ఒకటి కావు. 1942 నుంచి అమ్ముడవుతున్న సీ ఫోమ్ లాంటివి ప్రధానంగా ద్రావకాలు: తేలికపాటి నూనె, నాఫ్తా, ఐసోప్రొపైల్ ఆల్కహాల్. బంకని మెత్తబరచడం, కొద్దిపాటి నీళ్లుంటే తమతో కలుపుకుని ఇంజను గుండా బయటికి పంపేయడం వీటి పని. టెక్రాన్, యమహా వారి రింగ్ ఫ్రీ లాంటివాటిలో పాలీఈథర్ ఎమీన్ అనే డిటర్జెంట్ ఉంటుంది. ఇంజెక్టర్ల దగ్గర, వాల్వుల మీద, పిస్టన్ రింగుల గాడుల్లో వేడికి మాడి అంటుకున్న మసి మీద అది బాగా పనిచేస్తుంది. కార్బరేటర్ బౌల్ చల్లగా ఉండే చోటు. అక్కడ పేరుకున్నది మసి కాదు, బంక. మూడో రకం స్టెబిలైజర్. పెట్రోలు చెడిపోవడాన్ని అది ఆలస్యం చేస్తుంది, చెడిపోయినదాన్ని తిరిగి మంచిది చేయలేదు. ఈ మూడింటినీ ఒకే గాటన కట్టి, షాపులో చేతికి దొరికింది తెచ్చి పోసేవాళ్లే ఎక్కువ. పని జరగనప్పుడు మాత్రం మొత్తం సీసా జాతినే తిడతారు.

సరైన సీసానే పోశామనుకుందాం. మందు పనిచేయాలంటే బంక ఉన్న చోటికి వెళ్లాలి కదా, వెళ్లే దారే మూసుకుపోయి ఉంటే? స్లో జెట్ కొంచెమైనా తెరిచి ఉంటే మందు కలిసిన పెట్రోలు దాన్ని ఒరుసుకుంటూ పోతుంది, పొర కొద్దికొద్దిగా కరుగుతుంది. పూర్తిగా మూసుకుపోతే ప్రవాహమే ఉండదు. చాలా కార్బరేటర్లలో స్లో దారి మొదలయ్యేది బౌల్‌లోని పెట్రోల్లోనే కాబట్టి ఒకవైపు నుంచి నానుతుంది, కాదనను. కానీ ఆ పైనున్న దారికీ, థ్రాటిల్ పలక దగ్గరి చిల్లులకీ చుక్క కూడా అందదు. ఎక్కడ అవసరం ఎక్కువో అక్కడికే మందు తక్కువ చేరుతుంది.

మందు ఘాటుకీ ఒక హద్దుంది. కార్బరేటర్ భాగాలని విప్పి ముంచి కడిగే ద్రావకం వేరే ఉంది. అది వార్నిష్‌ని తినేస్తుంది, దాంతోపాటే రబ్బరు ఓ-రింగుల్నీ పాడుచేస్తుంది. అందుకే ముంచేముందు రబ్బరుదీ ప్లాస్టిక్‌దీ ప్రతి ముక్కా తీసేయాలి. పెట్రోల్లో పోసే మందుకి అంత స్వేచ్ఛ లేదు. గొట్టం, ప్రైమర్ బల్బు, పంపు డయాఫ్రమ్, నీడిల్ కొసనున్న రబ్బరు, వీటన్నిటినీ దాటుకుంటూ వెళ్లాలి, దేనికీ హాని చేయకూడదు. అంత సాత్వికమైన ద్రవం ఏడాదిగా గట్టిపడ్డ వార్నిష్‌ని ఒక్క రాత్రిలో ఊడదీయాలని ఆశపడటం అత్యాశే.

తెల్ల పొడి, చిలుము దగ్గరికొస్తే ఆశకి కూడా చోటు లేదు. అవి పెట్రోలు బంక కాదు, లోహానికి పట్టిన తుప్పు. నాఫ్తా వాటిని కరిగించదు, ఆల్కహాల్ కరిగించదు. ఎన్ని సీసాలు పోసినా ఆ పొడి ఉన్నచోటే ఉంటుంది, లేదంటే చిన్న రవ్వ ఊడి వచ్చి సరిగ్గా జెట్ మూతికి అడ్డం పడుతుంది. మందు పోశాక ఇంజను ఇంకా పాడైందని వాపోయేవాళ్లు అబద్ధం చెప్పట్లేదు. ద్రావకం పాత గొట్టం లోపలి పొరని, ట్యాంకు అడుగున ఏళ్లుగా కదలకుండా పడున్న మురికిని లేపి ముందుకు తోస్తుంది. ఫిల్టర్ మార్చకుండా ఘాటైన డోసు పోస్తే అదంతా కార్బరేటర్ గుమ్మం ముందుకొచ్చి నిలబడుతుంది.

"ఇవన్నీ సరే గానీ, నాకు పనిచేసింది" అనేవాళ్లకి నా జవాబు: పనిచేసే ఉంటుంది. పల్చటి పొర, కొత్తగా పట్టిన జిగురు అయితే మందు తీసేస్తుంది. కాకపోతే మందు పోసిన రోజున మనం ఇంకేం చేశామో కూడా లెక్కలోకి తీసుకోవాలి. పాత పెట్రోలు తీసేసి కొత్తది పోశాం. నెలల తర్వాత ఇంజనుని గంటసేపు వదలకుండా నడిపాం. స్టార్ట్ కావట్లేదని ప్లగ్గులు తీసి తుడిచాం. కొత్త పెట్రోలు కూడా ద్రావకమే. తాజా జిగురుని అదీ కొంత కడుగుతుంది. నాలుగు పనులు చేసి పేరు మాత్రం సీసాకి ఇచ్చేస్తాం.

సగం బాగవడం అంటే ఏమిటో దగ్గరగా చూపిస్తాను. నేను బాబాయ్ అని పిలిచే ఒకాయనకి రెండు సిలిండర్ల టూ స్ట్రోక్ ఉంది, సిలిండర్‌కి ఒక కార్బరేటర్ చొప్పున. మందు పోశాక ఇంజను బాగైపోయిందని ఆయన సంబరపడ్డాడు. స్లోలో చిన్న వణుకు మాత్రం మిగిలింది. నా పోరు పడలేక చివరికి విప్పనిచ్చాడు. స్లో జెట్లు రెండూ ఊడదీసి వెలుతురుకి ఎదురుగా పట్టుకుని చూశాం. పైదాంట్లో గుండ్రటి వెలుగు చుక్క, అంచు శుభ్రంగా ఉంది. కిందిదాంట్లో చుక్క ఒకవైపు చదునుగా తెగి, అంచున గోధుమరంగు ముద్ద కనబడింది.

"మరి నిన్నటిదాకా నడిచిందిగా రా?" అన్నాడు.

"నడిచింది బాబాయ్, పై సిలిండర్ పుణ్యమాని."

ఇదే నా భయం. స్లో జెట్ సగం మూసుకుంటే వణుకుతో పోతుంది, గేరు వేసినప్పుడు ఆగిపోతుంది. అదే ముద్ద మెయిన్ జెట్‌లో ఉంటే? ఫుల్ థ్రాటిల్‌లో ఆ ఒక్క సిలిండర్‌కి పెట్రోలు తక్కువ పడుతుంది. పెట్రోల్లోనే ఆయిల్ కలిపి వాడే టూ స్ట్రోక్‌లో పెట్రోలు తగ్గిందంటే ఆయిల్ కూడా తగ్గినట్టే. వేడి పెరుగుతుంది, ఆయిల్ పూత పలచబడుతుంది, పిస్టన్ సిలిండర్ గోడని గీరుకుని పట్టేస్తుంది, లేదా పిస్టన్ తల కరిగి చిల్లు పడుతుంది. రెండో సిలిండర్ ఆరోగ్యంగా ఉంటుంది కాబట్టి చెవికి పెద్ద తేడా తెలియదు. రెండు ప్లగ్గులూ తీసి పక్కపక్కన పెట్టి చూస్తే ఒకటి మామూలు గోధుమరంగులో, ఇంకొకటి తెల్లగా కాలినట్టు ఉంటే అది ఆఖరి హెచ్చరిక. ఒకే సిలిండర్ ఉన్న చిన్న ఫోర్ స్ట్రోక్‌కి ఇంత ప్రమాదం లేదు, అది స్లోలో ఆగిపోయి ఊరుకుంటుంది. కానీ గాలి ఎదురుగా ఉన్నప్పుడు, రాళ్ల పక్కన స్లోలో ఆగిపోవడం కూడా చిన్న విషయమేం కాదు.

మరి ఆ ఒక్క అవకాశం ఎలా ఇవ్వాలి? పాత పెట్రోల్లో మందు కలపడం శుద్ధ దండగ, దాన్ని తీసేయాలి. ఇంజను చల్లగా ఉన్నప్పుడు, దగ్గరలో నిప్పు లేకుండా చూసుకుని, బౌల్ అడుగునున్న డ్రెయిన్ స్క్రూ విప్పి కారేదాన్ని గాజు సీసాలో పట్టండి. కాసేపు కదపకుండా ఉంచి వెలుతురుకి ఎత్తి చూడండి. అడుగున గుండ్రటి బొట్లు విడిగా దొర్లుతుంటే అవి నీళ్లు. ఎర్రటి మట్టి అయితే ఎక్కడో ఇనుము తుప్పు పడుతోంది. నల్లటి పొలుసులైతే గొట్టం లోపలి పొర ఊడుతోంది. తెల్లటి పలుకులు కనిపిస్తే మందు సీసా మూత తీయకండి, నేరుగా కార్బరేటర్ విప్పండి. ఈ రెండు నిమిషాల పనిని దాటేసి నేరుగా మందు పోసేవాళ్లని చూస్తే నాకు చిరాకు.

కారింది కేవలం పసుపు తిరిగిన పెట్రోలే అయితే మందుకి వేళయింది. ఫిల్టర్ మార్చి, ఒక చిన్న విడి ట్యాంకులో కొత్త పెట్రోలు పోసి, టూ స్ట్రోక్ అయితే ఆయిల్ మామూలు పాళ్లలోనే కలపాలి. మందులో నూనె ఉంది కదా అని ఆయిల్ తగ్గించకూడదు. సీ ఫోమ్ లాంటివాటికి మామూలు డోసు గ్యాలనుకి 1 ఔన్సు, అంటే లీటరుకి సుమారు 8 మిల్లీలీటర్లు. కడగడానికైతే దానికి రెట్టింపు. ఇంజనుకి నీళ్లు అందేలా చూసి, గాలి ఆడే చోట నడపాలి. నీళ్లు లేకుండా నడిపితే, చల్లబరిచే నీళ్లని తోడే ఇంపెల్లర్ రబ్బరు పోతుంది, ఒక రోగానికి వెళ్లి ఇంకోటి తెచ్చుకున్నట్టు. మందు కలిసిన పెట్రోలు బౌల్‌లోకి చేరిందని నమ్మకం కుదిరేదాకా నడిపి, ఆపేసి, రాత్రంతా వదిలేయాలి. మర్నాడు థ్రాటిల్ పెంచుతూ తగ్గిస్తూ మళ్లీ నడపాలి. నానడానికి ఇచ్చే సమయమే ఇక్కడ అసలు మందు. పోసి పది నిమిషాల్లో ఫలితం చూసేవాళ్లకి కనిపించేది కొత్త పెట్రోలు ఫలితం మాత్రమే.

పరీక్ష న్యూట్రల్‌లో పెట్టకండి. న్యూట్రల్‌లో ఇంజను మీద భారమే ఉండదు, సగం మూసుకున్న జెట్ కూడా నెగ్గుకొస్తుంది. బోటుని గట్టిగా కట్టేసి, ప్రొపెల్లర్ దగ్గర ఎవరూ లేరని చూసుకుని, స్లోలోనే గేరు వేసి ఉంచండి. చోక్ ముట్టుకోకుండా అలా నిలకడగా తిరుగుతూ ఉంటే, స్లోలోంచి మెల్లగా థ్రాటిల్ పెంచినప్పుడు మధ్యలో ఎక్కడా తడబడకపోతే, సీసా నెగ్గింది. వణుకు తగ్గింది గానీ పోలేదు అనిపిస్తే సీసా ఓడినట్టే లెక్క. "ఇంకొక్క ట్యాంకు తిప్పితే అదే పోతుందిలే" అన్న మాటే బోటు కట్టుతాడు విప్పించేది.

కార్బరేటర్ విప్పడం మరీ అంత బ్రహ్మవిద్యేం కాదు. చిన్న ఔట్‌బోర్డ్‌లకి చాలావాటిలో రెండు నట్లు లేదా బోల్టులు, ఒక గొట్టం, చోక్, థ్రాటిల్ లింకులు, అంతే. విప్పేముందు ఫోన్‌తో ఫొటోలు తీసుకుంటే లింకుల టెన్షన్ ఉండదు. స్లోలో గాలి, పెట్రోలు పాళ్లు సర్దే మిక్స్చర్ స్క్రూని తీసేముందు మెల్లగా లోపలికి బిగిస్తూ ఎన్ని తిప్పులకి ఆగిందో రాసుకోవాలి, తిరిగి పెట్టేటప్పుడు అన్నే తిప్పులు బయటికి తీయాలి. జెట్‌కి సరిగ్గా సరిపోయే స్క్రూడ్రైవర్ లేకపోతే మాత్రం మొదలుపెట్టొద్దు. మెత్తటి ఇత్తడి గాడి ఒక్కసారి చెడితే అక్కడితో ఆట ముగిసింది. రంధ్రంలోకి ఉక్కు తీగ దూర్చకూడదు, అది రంధ్రాన్ని పెద్దది చేస్తుంది. వైరులోని సన్న రాగి పోగు చాలు, చేపల గాలానికి వాడే నైలాన్ దారమైనా సరే. స్ప్రే క్లీనర్ ఒక చిల్లులో కొడితే ఇంకో చిల్లులోంచి ధారగా రావాలి. ఎదురుగా కంటికి కొట్టే అవకాశం ఎక్కువ కాబట్టి కళ్లద్దాలు తప్పనిసరి. గాస్కెట్లు కొత్తవి వేయండి, పాతవి బాగానే ఉన్నాయనిపించినా సరే.

ఇంత చెప్పాక కూడా నా అరలో ఒక సీసా ఎప్పుడూ ఉంటుంది. శుభ్రంగా ఉన్న కార్బరేటర్‌ని శుభ్రంగా ఉంచడానికి దానికి మించింది లేదు. బోటుని కొన్నాళ్లు ఆపబోతున్నామంటే, తాజా పెట్రోల్లో స్టెబిలైజర్ కలిపి, అది కార్బరేటర్ దాకా చేరేలా పది నిమిషాలు నడిపి ఆపడం మంచి అలవాటు. ఆ తర్వాత బౌల్ ఖాళీ చేయడంలో మళ్లీ రెండు పక్షాలు. గొట్టం పీకేసి ఇంజను దానంతటది ఆగేదాకా నడిపేయమనేది ఒక పక్షం. నేను రెండో పక్షం, డ్రెయిన్ స్క్రూ విప్పి కార్చేస్తాను. ఆగేదాకా నడిపితే బౌల్ పూర్తిగా ఖాళీ అవదు, అడుగున కాస్త మిగిలిపోతుంది, ఆ కాస్తే తర్వాత గట్టిపడుతుంది. పైగా టూ స్ట్రోక్‌కి ఆ చివరి క్షణాలు ఆయిల్ తక్కువ పడే క్షణాలు. డ్రెయిన్ స్క్రూ విప్పేస్తే ఆ గొడవ లేదు. ఆ స్క్రూకి ఉండే చిన్న వాషర్ మాత్రం చేతిలోంచి జారి నీళ్లలో పడిందంటే ఇక దొరకదు, ముందే ఒకటి అదనంగా కొనిపెట్టుకోండి.